తడి అద్దానికి చలిగాలే మందు

మదనపల్లెలో ధనుర్మాసపు పొద్దున పడకగది అద్దం మీద నీళ్లు కారుతుంటే పెద్దవాళ్లు చెప్పేది ఒకటే: "మంచు లోపలికొస్తా ఉండాది, కిటికీ బిగించి ముయ్యి." సందుల్లో గుడ్డలు కుక్కి, పరదా కూడా లాగేస్తారు. నేను చెప్పేది దానికి పూర్తిగా ఎదురు. కిటికీ తీయండి. అదీ ఎండెక్కాక కాదు, చలి ఉండగానే.

వేలితో గీత గీసి చూడండి, తడి అద్దానికి లోపలి వైపే ఉంటుంది. ఆ నీళ్లు మనవే. రాత్రంతా నలుగురి ఊపిరి, సంగటి ఉడికిన ఆవిరి, ఉడుకు నీళ్ల స్నానం, గదిలో తాడు కట్టి ఆరేసిన బట్టలు. వీటి సంగతి ఎవరైనా ఒప్పుకుంటారు కానీ గ్యాసు పొయ్యిని మాత్రం ఎవరూ లెక్కలోకి తీసుకోరు. గ్యాసు మండితే నీరు పుడుతుంది. 14.2 కిలోల సిలిండరు అయిపోయేసరికి 20 లీటర్లకు పైగా నీరు ఆవిరై ఇంట్లో కలుస్తుంది. ఎగ్జాస్టు ఫ్యాను పోపు ఘాటుకే అనుకోకండి, పాలు కాచేటప్పుడూ వేయండి.

"బయటా తడిమంచే కదా" అంటారు. 14 డిగ్రీల దగ్గర ఘనపు మీటరు గాలిలో 12 గ్రాములకు మించి ఆవిరి నిలవదు. 24 డిగ్రీల గదిలో దాదాపు 22 గ్రాముల దాకా నిలుస్తుంది. అందుకే గది గాలి చల్లటి అద్దానికి తగిలినచోట ఎక్కువైన ఆవిరి నీరుగా దిగుతుంది. బయటి చలిగాలి లోపలికొచ్చి వెచ్చబడితే మాత్రం ఇంటిని ఆరబెడుతుంది. ఎదురెదురు కిటికీలు బార్లా తీసి పది నిమిషాలు ఉంచితే చాలు. పసిపిల్లలను, ఆయాసం ఉన్నవాళ్లను అంతసేపు పక్క గదిలో ఉంచండి.

ఈ ఊరు గాలిని నమ్మిన ఊరు. 1915లో ఊరి పక్కనే ఉన్న ఆరోగ్యవరంలో క్షయ శానిటోరియం తెరిచేనాటికి ఆ జబ్బుకు మందు లేదు. ధారాళమైన గాలి, విశ్రాంతి, మంచి తిండి, అదే వైద్యం. పెంకుటిళ్లలో పెంకుల సందుల్లోంచే గాలి ఆడేది. ఇప్పుడు స్లాబు వేసి, వెంటిలేటరు మూసి, స్లైడింగు కిటికీలు పెట్టి ఆ దారులన్నీ మనమే బిగించేశాం. నాకు బాధంతా ఇదే.

ఇంకో మాట. గుడ్డ పట్టుకుని వెంటనే తుడిచేయకండి. ముందు ఏ గదిలో, ఏ వేళ తడి పడుతోందో చూడండి. వంటింట్లో అయితే పొయ్యి, పడకగదిలో అయితే మూసిన తలుపు. బీరువా వెనక గోడ నల్లబడితే దాన్ని జానెడు ముందుకు జరపండి. రెండు పొరల అద్దంలో పొరల మధ్యన మసక పడితే ఏ గాలీ పనిచేయదు, దాని అంచు సీలు పోయినట్టే, అద్దం మార్చాలి.

కారణం తెలిశాక తుడవండి. అద్దం కన్నా ముందు కింది ట్రాకు చూడండి. అల్యూమినియం చట్రానికి బయటి వైపు నీళ్లు పోవడానికి చిన్న రంధ్రాలుంటాయి. సున్నం, పుట్టీ, చచ్చిన చీమలు, దుమ్ము అందులో గట్టిపడిపోయి ఉంటాయి. అయిపోయిన ఊదుబత్తి పుల్లతో పొడిచి, చెంబెడు నీళ్లు పోసి చూడండి, నీళ్లు బయటికే పోవాలి.