ముగ్గురిలో పెద్దదాన్ని

టైటానిక్ పేరు తెలియనివాళ్లు ఉండరు. దానికి అక్కనని చెబితే మాత్రం అలాంటిదొకటి ఉండేదా అని అడుగుతారు. ఉండేదాన్ని. నా పేరు ఒలింపిక్. 24 ఏళ్లు అట్లాంటిక్‌ మీద అటూ ఇటూ తిరిగాను. నేను మునిగిపోలేదు కాబట్టే నా కథ ఎవరూ అడగలేదు.

1907లో క్యూనార్డ్ కంపెనీ లుసిటానియా, మౌరిటానియా అనే రెండు ఓడల్ని సర్వీసులోకి దింపింది. వేగంలో వాటికి సాటి లేదు. మా వైట్ స్టార్ లైన్ వేగం జోలికి పోకుండా పరిమాణంలో, సౌఖ్యంలో గెలవాలనుకుంది. బెల్‌ఫాస్ట్‌లోని హార్లండ్ అండ్ వుల్ఫ్ యార్డులో 1908 డిసెంబరు 16న నా అడుగు దూలం వేశారు. మూడున్నర నెలలకు నా పక్కనే చెల్లి పని మొదలైంది. యార్డు లెక్కల్లో నేను 400, తను 401. ఇద్దరిదీ 882 అడుగుల పొడవు. ఇద్దరికీ 29 బాయిలర్లు, నాలుగేసి పొగగొట్టాలు. నాలుగో గొట్టం బాయిలర్ల పొగ కోసం కాదు, లోపల గాలి ఆడటానికి. నాకు రివిట్లు కొట్టిన చేతులే తనకూ కొట్టాయి. 1911 మే 31న తనను నీళ్లలోకి దింపారు. అదే రోజు నన్ను కంపెనీకి అప్పగించారు. జూన్ 14న కెప్టెన్ ఎడ్వర్డ్ స్మిత్ నన్ను సౌతాంప్టన్ నుంచి న్యూయార్క్‌కు బయలుదేరదీశాడు.

సెప్టెంబరు 20న హాక్ అనే యుద్ధనౌక ముక్కు నా వెనక భాగంలో దిగింది. బాగుచేయడానికి బెల్‌ఫాస్ట్ తీసుకెళితే, చెల్లి దగ్గర పనిచేస్తున్నవాళ్లు నా దగ్గరికి వచ్చారు. దాంతో 1912 మార్చి 20న జరగాల్సిన తన తొలి ప్రయాణం ఏప్రిల్ 10కి జరిగింది. నాకు దెబ్బ తగలకపోయి ఉంటే ఆ మంచుకొండ తనకు ఎదురుపడేదా? ఈ ఆలోచన నన్ను జీవితాంతం వదల్లేదు.

ఏప్రిల్ 14 రాత్రి నేను న్యూయార్క్ నుంచి తిరిగొస్తున్నాను. చెల్లికీ నాకూ మధ్య దాదాపు 500 నాటికల్ మైళ్లు. తన ఆపద కబురు నా వైర్‌లెస్ గదిలో వినబడగానే అప్పటి నా కెప్టెన్ హాడాక్ నన్ను అటు తిప్పి, బాయిలర్లన్నీ రాజేయించాడు. మాకెదురుగా దక్షిణానికి వస్తున్నారా అని మావాళ్లు అడిగారు. ఆడవాళ్లను పడవల్లోకి దింపుతున్నామని అటునుంచి జవాబు వచ్చింది. ఆ ప్రశ్నను తలచుకుంటే ఇప్పటికీ గుండె కోసుకుపోతుంది. అంత పెద్ద ఓడ మునుగుతుందన్న ఊహే నాలో ఉన్న ఎవరికీ రాలేదు.

తెల్లవారింది. నేను ఇంకా దారిలోనే ఉన్నాను. బతికినవాళ్లను కార్పేథియా అనే ఓడ అప్పటికే ఎక్కించుకుంది. కొందరిని మేం తీసుకుంటామని హాడాక్ అడిగితే దాని కెప్టెన్ రోస్ట్రన్ వద్దన్నాడు. రాత్రి కళ్లముందు మునిగిపోయిన ఓడ పొద్దున్నే మళ్లీ ఎదురుగా వచ్చి నిలబడితే వాళ్లు తట్టుకోలేరు. మేమిద్దరం అచ్చు గుద్దినట్టు ఒకేలా ఉండేవాళ్లం. ఆయన మాట సబబే. కానీ తోడబుట్టినదాని పోలికే అడ్డుపడి, దానివాళ్ల దగ్గరికి పోలేకపోవడం ఎంత బాధో నాకే తెలుసు. నేను చేయగలిగింది ఒకటే. కార్పేథియా వైర్‌లెస్ ఎక్కువ దూరం అందదు. అందుకని బతికినవాళ్ల పేర్లు అది నాకు పంపితే, నేను తీరానికి అందించాను. ఒక్కొక్క పేరూ చుక్కలుగా, గీతలుగా నా తీగల్లోంచే వెళ్లింది. పోయినవాళ్లు దాదాపు 1500 మంది.

అప్పటి బ్రిటిష్ చట్టం 10,000 టన్నులు దాటిన ఓడకు 16 పడవలుంటే చాలంది. మేం 45,000 టన్నుల పైమాట. తనకున్నవి 20. అవి నిండా కూర్చున్నా 1178 మందికే చోటు. తనలో ఉన్నవాళ్లు 2200కు పైబడి. నాకూ అంతే లోటుండేది, ఎవరూ పట్టించుకోలేదు. ఆ ఏప్రిల్ 24న సౌతాంప్టన్‌లో నాకు హడావిడిగా పాత మడత పడవలు తెచ్చి తగిలిస్తే, బొగ్గు వేసే కార్మికులు దాదాపు 280 మంది వాటిని నమ్మలేమంటూ దిగిపోయారు. వాళ్లను ఆ రోజు చాలామంది తిట్టారు. నేను మాత్రం వాళ్ల పక్షమే. మునిగితే అందరికంటే అడుగున ఉండేది వాళ్లే.

ఆ చలికాలం నన్ను మళ్లీ బెల్‌ఫాస్ట్ తీసుకెళ్లి లోపల రెండో ఉక్కు గోడ కట్టారు, అడ్డుగోడల ఎత్తు పెంచారు, అందరికీ సరిపడా పడవలు పెట్టారు. ఆ తర్వాత నేను బతికినన్నాళ్లూ చెల్లి ప్రాణం పెట్టి కొన్న ఉక్కుతోనే బతికాను.

చిన్న చెల్లి బ్రిటానిక్. టికెట్ కొన్న ప్రయాణికుడు ఒక్కడూ తనను ఎక్కలేదు. మొదటి ప్రపంచ యుద్ధంలో ఆసుపత్రి ఓడగా మార్చారు. 1916 నవంబరు 21న గ్రీసులోని కేయా దీవి దగ్గర జర్మన్ మందుపాతర తగిలి 55 నిమిషాల్లో మునిగింది. తీరానికి చేర్చాలని కెప్టెన్ ఇంకా నడిపిస్తుండగానే దించిన రెండు పడవల్ని ప్రొపెల్లర్లు లాగేసుకున్నాయి. 30 మంది పోయారు. వెయ్యి మందికి పైగా బతికారు. వాళ్లలో వయొలెట్ జెసప్ ఉంది. హాక్ గుద్దినప్పుడు నాలో పనిచేసింది, టైటానిక్‌లో మునక చూసింది, ఇక్కడ నర్సుగా ఉండి బయటపడింది. ఇంత జరిగాక కూడా తిరిగి నా దగ్గరికి ఉద్యోగానికొచ్చింది. మా ముగ్గురినీ ఎరిగిన మనిషి కాబట్టి ఆమె అంటే నాకు ప్రాణం.

అదే యుద్ధంలో నేను సైనికుల్ని మోశాను. 1918 మే 12న అమెరికన్ సైనికులతో ఫ్రాన్సుకు వెళుతూ, యూ-103 అనే జర్మన్ జలాంతర్గామిని ఢీకొట్టి ముంచాను. 1934 మే 15న పొగమంచులో నాంటకెట్ దీపనౌకను గుద్దాను. ఏడుగురు పోయారు. ఆ రోజు గురించి ఇంతకంటే మాట్లాడలేను.

1935లో నన్ను సర్వీసు నుంచి తప్పించారు. సర్ జాన్ జార్విస్ అనే ఎంపీ నన్ను కొని ఆ అక్టోబరులో ఇంగ్లండ్‌లోని జారోకు చేర్పించాడు. అక్కడి ఓడల యార్డు మూతపడి ఊళ్లో మగవాళ్లు చాలామందికి పని లేదు. నన్ను విప్పితే వాళ్లకు కూలి దొరుకుతుందని ఆయన ఆలోచన. నా లాంజ్‌లోని చెక్కపని కొంత ఆల్నిక్‌లోని వైట్ స్వాన్ హోటల్ కొనుక్కుంది, ఇప్పటికీ అక్కడే ఉంది. ఓడలు కట్టడం తెలిసినవాళ్లే నన్ను విప్పారు. ఎంత ఉక్కు విప్పినా ఆ ఊరి ఆకలికి నేను చాలలేదు. మరుసటి అక్టోబరులో ఆ ఊరివాళ్లు 200 మంది పని అడుగుతూ లండన్ దాకా నడిచివెళ్లారు. అప్పటికి నాలో విప్పాల్సింది ఇంకా ఉంది. 1937లో ఆ మిగిలిన అడుగుభాగాన్ని స్కాట్లండ్‌లోని ఇన్వర్‌కీథింగ్‌కు లాక్కెళ్లి తుక్కు చేశారు.