మనోడు

మా మేనమామ గోదావరిఖనిలో బొగ్గుబాయి కార్మికుడు. కోల్ ఫిల్లర్‌గా చేసి రిటైరయ్యాడు. మోచేతి మీద ఎప్పుడో తగిలిన గాయం మానిపోయింది గానీ, అందులో ఇరుక్కున్న బొగ్గు నలుపు చర్మం కింద అలాగే ఉండిపోయింది. వయసులో ఉన్నప్పుడు షిఫ్టులో టబ్బులు నింపి వచ్చి, రాత్రి ముఖానికి రంగేసుకుని కాలనీలో నాటకాలాడేవాడు. మైకు లేకున్నా ఆయన మాట చివరి వరుస దాకా వినిపించేదట.

ఒక ఆదివారం చాయ్ తాగుతూ అడిగాడు.

"అల్లుడా, ఇంత పెద్ద సిన్మా లోకంల మన కరీంనగరోడు ఒక్కడన్న హీరో అయిండా?"

"అయిండు మామా. పైడి జైరాజ్. 1909ల కరీంనగర్‌లనే పుట్టిండు. హైదరాబాద్‌ల చదువుకునేటప్పుడే నాటకాల పిచ్చి పట్టింది. బొంబాయి పోయి 1929ల 'జగ్‌మగ్తీ జవానీ'తోని తెర మీదికి ఎక్కిండు. అప్పటియన్నీ మూకీలే."

"మాట లేకుంట యాక్టింగా? నాటకమోనికి గొంతే కదరా ఆస్తి!"

"ఆ ఆస్తి పక్కన పెట్టే పోయిండు మామా. పద్యం లేదు, డైలాగు లేదు. కోపమైనా దుఃఖమైనా కండ్లతోని, నడకతోని చూపియ్యాలె."

మామ చాయ్ మర్చిపోయి వింటున్నాడు. 1931లో 'ఆలం ఆరా'తో తెరకు మాట వచ్చింది. హిందుస్తానీ పలకడం రాక చాలామంది మూకీ తారలు వెనకబడిపోయారు. హైదరాబాద్‌లో చదువుకున్న జైరాజ్‌కు ఉర్దూ కొత్త కాదు. నిలబడ్డాడు. హాతింతాయ్‌గా, టిప్పు సుల్తాన్‌గా హిందీ తెరను ఏలాడు. 1980 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు అందుకున్నాడు.

అంతా విని మామ ఛాతీ పొంగింది.

"గంత పెద్దోడా! మనోడే! మరి నాకెన్నడు కండ్లవడలే?"

"వడే ఉంటడు. షోలే చూసినవ్ కదా?"

"చూసుడేంది! షిఫ్టుకు నాగా పెట్టి మరీ చూసినం. గబ్బర్ సింగ్ వస్తే ఈలలే ఈలలు. చిల్లర ఇసిరినం. అమితాబ్ సచ్చిపోతే బాయిల భయమెరుగనోళ్లు సుత ఏడ్సిండ్రు."

"అండ్ల పోలీస్ కమిషనర్ ఎవరనుకున్నవ్? జైరాజే."

మామ గ్లాసు కింద పెట్టాడు. చాలాసేపు మాట్లాడలేదు. వేళ్లు మోచేతి మీది నల్లమచ్చను తడుముతున్నాయి.

"ఏమైంది మామా?"

"ఆ కమిషనర్ సీన్ల... బీడీ తాగొద్దామని అందరం బయటికి పోయినం రా."