కొనుంటే బాబాయి

ప్రతి కుటుంబంలోనూ ఒక కొనుంటే బాబాయి ఉంటాడు. సొంత బాబాయే కానక్కర్లేదు. వరసకి మావయ్యో, పక్క ఫ్లాటులో రిటైరైన ఆఫీసరో అయినా సరే. ఆయన తలకాయలో ఒక కంప్యూటర్ ఉంటుంది. అది ఏకకాలంలో నాలుగైదు లోకాల్లో పనిచేస్తుంది. దానికి కరెంటు అక్కర్లేదు, ఏదో ఒక ఊరి పేరు చెవిన పడితే చాలు.

పెళ్ళి భోజనాల దగ్గర ఎవరో “మా అబ్బాయికి మాదాపూర్‌లో ఉద్యోగం” అంటారు. బాబాయి పప్పన్నం కలపడం ఆపేస్తాడు. “మాదాపూరా! సైబర్ టవర్స్ తెరిచింది 1998లో. అంతకు రెండేళ్ళ ముందే ఆ బండల మధ్య రెండొందల గజాలు తీసుకోమని ఒకాయన నన్ను బతిమాలాడు. కొనుంటే...”

అంతే, బాబాయి ఇక ఈ లోకంలో ఉండడు. అక్కడ ఆయనకి ఐదంతస్తుల మేడ ఉంది, కింద బ్యాంకు అద్దెకుంది. మనం మాత్రం ఇక్కడే కూర్చుని సాంబారు కోసం ఎదురుచూస్తుంటాం. ఇంకో చిత్రమేమిటంటే, ఆ కొనని స్థలం ఏటా పెరుగుతుంది. నిరుడు రెండొందల గజాలున్నది ఈ ఏడు నాలుగొందలయింది, చెప్పిన ధరేమో సగానికి దిగింది. రిజిస్ట్రేషన్ కాని భూమికి హద్దురాళ్ళు ఎవడు చూడొచ్చాడు?

షేర్లదీ అదే దారి. 1993లో ఇన్ఫోసిస్ 95 రూపాయలకి షేరు ఇస్తానంటే, అమ్మకానికి పెట్టినన్ని కొనేవాళ్ళే దొరకలేదు. ఆ దొరకనివాళ్ళలో తానూ ఉన్నానని బాబాయి గర్వంగా చెప్పుకుంటాడు.

ఇలాంటి మనిషికి ఇంజనీరింగ్ చదివే మేనల్లుడు క్వాంటం కంప్యూటర్ గురించి చెప్పాడు. 1957లో హ్యూ ఎవరెట్ అనే కుర్రాడు ప్రిన్స్‌టన్‌లో పీహెచ్‌డీ చేస్తూ, జరగగలిగినవన్నీ ఏదో ఒక శాఖలో జరుగుతూనే ఉంటాయన్నాడట. ఈ యంత్రం లెక్కలు చేసేది ఆ సమాంతర లోకాల్లోనేనని డేవిడ్ డాయిచ్ వాదించాడట. 2024 డిసెంబరులో గూగుల్ తన విల్లో చిప్‌ని బయటపెట్టినప్పుడు, దాని క్వాంటం విభాగం పెద్ద కూడా ఆ మాటే ఎత్తాడట. ఒప్పుకోని శాస్త్రవేత్తలు బోలెడుమంది ఉన్నారని మేనల్లుడు చెప్పబోయాడు కానీ, బాబాయి అప్పటికే లేచి నిలబడ్డాడు.

“అయితే ఆ లోకంలో నేను నిజంగానే కోటీశ్వరుణ్ణి! అక్కణ్ణుంచి ఇక్కడికి డబ్బు పంపించుకునే యాప్ ఉందా?”

“లేదు మావయ్యా. ఆ లోకానికీ ఈ లోకానికీ మాటామంతీ ఉండదు.”

“ఉన్నా లాభం లేదులే. అక్కడున్నదీ నేనే కదా, ఒకరికి చేబదులిచ్చే రకం కాదు.”

ఐబీఎం క్వాంటం కంప్యూటర్ అమరావతికి వస్తోందని 2025లో ప్రకటించిన సంగతి కూడా కుర్రాడు చెప్పాడు. బాబాయి నెత్తి కొట్టుకున్నాడు. “అమరావతిలోనా! 2014లో తుళ్ళూరు దగ్గర అరెకరం కొనుంటే...” మూడు రాజధానుల మాట వచ్చిన 2019లో ఇదే బాబాయి, ఇదే అరెకరం గురించి “కొనకపోవడం ఎంత మంచిదయింది!” అన్నాడు. భూమి ఒకటే, అదీ ఆయనది కాదు. దాని మీద లాభం తనదే, నష్టం తప్పించుకున్న తెలివీ తనదే.

నిజమైన క్వాంటం కంప్యూటర్లో తప్పు జవాబులు ఒకదాన్నొకటి కొట్టేసుకుని, సరైన జవాబు బలపడేలా లెక్క నడుపుతారు. బాబాయి యంత్రంలో కొట్టుకుపోయేవి నష్టాలు. చీటీలు నడిపేవాడు రాత్రికి రాత్రి ఊరొదిలిన లోకం అందులో ఎన్నడూ కనిపించదు.

ఇదంతా వంటింట్లోంచి వింటున్న పిన్ని కాఫీ గ్లాసులతో బయటికొచ్చింది. “ఒరే అబ్బాయ్, ఏ లోకంలోనైనా మీ మావయ్య ఆ ఈము పక్షులు కొనకుండా ఉన్నాడేమో కాస్త చూసి చెప్పు. ఆ లోకంలో నా గాజులు నా చేతికే ఉండుంటాయి.”

అవును, బాబాయి జీవితంలో నిజంగా కొన్నది అదొక్కటే. ఈముల మోజు ఊళ్ళని ఊపేసిన రోజుల్లో జతలు జతలుగా తెచ్చాడు. మోజు తీరాక వాటిని అడిగినవాడు లేడు, మేత ఖర్చు మాత్రం ఆగలేదు.

బాబాయి ఒక్క క్షణం తడబడ్డాడు. కాఫీ రెండు గుక్కలు తాగాక కళ్ళలో మళ్ళీ వెలుగొచ్చింది.

“అది కాదే, ఆ ఈము నూనెకి గనక అమెరికాలో గిరాకీ వచ్చుంటేనా...”