ఇరుక్కోలేదండీ... నిలిపారంతే!

వారణాసి నుంచి దిబ్రూగఢ్ దాకా 51 రోజులు, 3,200 కిలోమీటర్లు. 2023 జనవరి 13న ప్రధాని జెండా ఊపగా ‘గంగా విలాస్’ విహార నౌక బయల్దేరింది. 18 సూట్లు, స్పా, జిమ్ము. తొలి యాత్రలో 32 మంది స్విట్జర్లాండ్ అతిథులు. దారిపొడవునా ఒడ్డుకు దిగి మన సంస్కృతిని చూడటం అదనపు హంగు.

నాలుగు రోజులైనా కాకుండానే, బిహార్‌లోని ఛప్రా దగ్గర నీళ్లు చాలక ఓడ ఇరుక్కుందని వార్తలు గుప్పుమన్నాయి. అధికారులు ఊరుకుంటారా? అబ్బే, ఇరుక్కోవడమేంటి, నడిగంగలో కావాలనే నిలిపామని తేల్చేశారు. అతిథుల్ని చిన్న పడవల్లో ఎక్కించి చిరాంద్ చూపించారు. నవీన శిలాయుగపు ఎముక పనిముట్లకు పేరుపడ్డ ఊరది. రాతియుగం చూడబోయిన లగ్జరీ ఓడకు ఆఖరికి బుల్లి పడవే దిక్కయింది!

ఈ ఓడ తేలడానికి 1.4 మీటర్ల నీళ్లు చాలట. గంగలో 2.2 నుంచి 3 మీటర్ల లోతు ఉండేలా చూస్తామన్నది ‘జల్ మార్గ్ వికాస్’ పథకం మాట. లెక్క ప్రకారం ఓడ కింద ఇంకా బోలెడు గంగ మిగలాలి. కాగితం మీద మాత్రం నిండుగానే పారుతోంది.

ఇక సాంస్కృతిక విహారమంటారా? మెడలో దండ, నుదుట బొట్టు, నాలుగు ఫొటోలు, మళ్లీ ఏసీ గది. అదే ఒడ్డున రోజూ నది దాటే జనానికి చాలా రేవుల్లో నిలబడ్డానికి నీడైనా ఉండదు. అది సంస్కృతి కిందికి రాదు కాబోలు.

అయ్యా, ముందు పూడిక తీయండి, రేవులో ఓ షెడ్డు వేయండి. జెండా ఎప్పుడైనా ఊపొచ్చు!