డేరాలో సర్కారు, గోనెపట్ట మీద పెద్దాయన

కర్నూలుకు నిరాశ్రయులు కొత్త కాదు. 1953 అక్టోబరు 1న వచ్చి దిగిన పెద్ద నిరాశ్రయుడు సాక్షాత్తు ఆంధ్ర ప్రభుత్వమే. కచేరీలకు కట్టడాలు చాలక డేరాల్లో కాపురం పెట్టింది. "ఎవర్రా నువ్వు, చిరునామా ఏది, లెయ్ లెయ్" అని లాఠీతో పొడిచినవాడు లేడు. 1956లో మూటాముల్లె సర్దుకుని హైదరాబాదు పోయింది. ఆ డేరాలు చరిత్ర అయినాయి. అదే ఊళ్లో ఇప్పుడు షట్టరు ముందు గోనెపట్ట పరిచిన పెద్దాయన మాత్రం ఆక్రమణ. తేడా ఏముందప్పా? ఆయన దగ్గర ఫైళ్లు లేవు, అంతే కదా!

ఆయన దినచర్యకు ఏ కలెక్టరూ సరిరాడు. పదకొండుకు ముందు పడుకోరాదు, కొట్టు మూయరు. ఐదు దాటినాక పడుకోరాదు, పొరక వస్తాది. నడుమ దోమలు, కుక్కలు, బీటు కానిస్టేబులు. చెప్పులు తలకింద పెట్టుకోవాల. కాళ్లకాడ విడిస్తే తెల్లారేసరికి వేరే కాళ్లకుంటాయి.

కడపలో సౌకర్యం ఇంకా ఎక్కువ. ఎవరెవరి ఇళ్లలోనో డబ్బు పోసి పరిపించుకునే కడప బండ ఇక్కడ ఆరుబయట ఉచితం. మే నెలలో పగలంతా మింగిన ఎండను నడిరేయి దాకా కక్కుతాది గనక వీపుకు కాపడం కూడా. పాత ఇళ్లకు దారిన పోయేవాడు కూలబడేందుకని అరుగులుండేవి. వాటికి గ్రిల్లు బిగించి లోపల స్కూటరును పడుకోబెట్టినాం. దానికి ఆర్‌సీ ఉంది మరి.

ఆదోని, కోసిగి దిక్కు వాళ్లది ఇంకో యవ్వారం. ఇల్లుంది, తాళముంది, వానే లేదు. సుగ్గికని, అంటే వలస కూలికని, బెంగళూరు పోయి పది అంతస్తులు లేపి, దాని పక్కనే పట్టా కప్పుకుని పడుకుంటారు.

లక్షమందికో ఆశ్రయం, రేయింబవళ్లు తెరిచి, మనిషికి 50 చదరపుటడుగులు అని జాతీయ పట్టణ జీవనోపాధి మిషన్ రాసిపెట్టింది. 2011 లెక్కల్లోనే కర్నూలు నాలుగు లక్షలు దాటింది, కడప మూడు లక్షలు. ఎన్ని ఉండాలో వేళ్ల మీద లెక్క. ఎక్కడున్నాయో బస్టాండులో పడుకున్నవాణ్ణి లేపి అడగండి. తెలిస్తే వాడు బస్టాండులో ఎందుకుంటాడు?

ఆ 2011లోనే ఫిబ్రవరి 28 రాత్రి ఇల్లు లేనివాళ్లను లెక్కించినారు. దేశం మొత్తానికి 17 లక్షల 70 వేల పైచిలుకు తేలినారు. ఎక్కడోళ్లు అక్కడే పడుకోవాలని సర్కారు కోరుకున్న రాత్రి అదొక్కటే. కదిలితే లెక్క తప్పుతాది.

పెద్దాయన చెప్పులు తలకింద సర్దుకుంటూ అడుగుతాడు: "మళ్లా లెక్కలు ఎప్పుడు నాయనా?"