ప్రాంప్టరు పుస్తకం

నా అట్ట ఊడిపోయి చాలా కాలమైంది. పేరున్న మొదటి పేజీ కూడా లేదు. అయినా నన్ను ఎవరు తెరిచినా నాలుగు వరసలు చదివేసరికి పోల్చుకుంటారు. విజయనగరం బొంకులదిబ్బ దగ్గర మొదలయ్యే నాటకం ఇంకోటి లేదు గదా. కన్యాశుల్కాన్ని. అలాగని బీరువాలో బంగారు అక్షరాలతో నిలబడే ప్రతిని కాదు. విజయనగరంలో ఒక నాటక సమాజం వారి ప్రాంప్టరు చేతి పుస్తకాన్ని. పక్క తెర చాటున గుడ్డి దీపం కింద కూర్చుని, నటుడు మాట మరిచిపోయి తెల్లమొహం వేసినప్పుడల్లా ఆ మాట అందించడం నా ఉద్యోగం.

ఆ ఉద్యోగం చేసిన పుస్తకం ఒళ్ళు శుభ్రంగా ఉండదు. వక్కపొడి మరకలు, వేషగాళ్ళ వేళ్ళ రంగు, దోమల నెత్తురు. వాటి మీదుగా రెండు రంగుల పెన్సిలు గీతలు. ఎర్ర గీత ఉన్న మాట స్టేజి మీద పలకరు. నీలం టిక్కు ఉన్న మాట సినిమాలో వినబడింది. పెద్ద కథని చిన్నది చెయ్యడానికి మనుషులు పడే పాట్లు నేను చూసినంతగా ఇంకే పుస్తకమూ చూసి ఉండదు. మొదట మా ఊరివాళ్ళు, తర్వాత మద్రాసు సినిమావాళ్ళు. ఈమధ్యనే జపాను వాళ్ళ సంగతి కూడా తెలిసింది.

మా వంశంలో విచిత్రం ఏమిటంటే, మేం మొదట చిన్నవాళ్ళమే. గురజాడ అప్పారావుగారి నాటకాన్ని విజయనగరంలో జగన్నాథ విలాసినీ సభ వారు 1892 ఆగస్టు 13న మొదటిసారి ఆడారు. 1897లో అచ్చయింది, ఆనంద గజపతి మహారాజావారికి అంకితంగా. అప్పటికి ఐదంకాలే. ఆ అచ్చుకి అప్పారావుగారు ఇంగ్లీషులో పీఠిక రాశారు. విశాఖపట్నం జిల్లాలో మూడేళ్ళలో జరిగిన కన్యాశుల్కం పెళ్ళిళ్ళని మహారాజావారు లెక్క తీయిస్తే 1,034 తేలాయనీ, ఆ పెళ్ళికూతుళ్ళలో ఏడాది వయసు పసిగుడ్లు ముగ్గురున్నారనీ, వాళ్ళ వెల 350 నుంచి 400 రూపాయలనీ అందులో ఉంది. ఈ లెక్కని ఏ నటుడూ పలకడు, ఏ కెమెరా పట్టదు. కుదింపులో ముందుగా రాలిపోయేది పీఠిక. దాని మీద ఎర్ర గీత కూడా దండగ.

1909లో రెండో కూర్పు వచ్చింది. ఐదంకాలు ఏడయ్యాయి. పేరుకి కూర్పేగాని, దాదాపు కొత్తగా రాసినట్టే. మొదటి కూర్పులో పక్కన ఉండిపోయిన మధురవాణి రెండోదానికొచ్చేసరికి నాటకం మొత్తాన్ని కొంగున ముడేసుకుంది. రెండోసారి కలం పట్టినవాడు మామూలుగా కత్తిరిస్తాడు. అప్పారావుగారు పెంచారు. నేను ఆ పెరిగిన కొమ్మకి పుట్టినదాన్ని. ఒక్క మాట వదలకుండా నన్ను ఆడాలంటే రాత్రి తెర తీస్తే తెల్లారిపోతుంది.

తెల్లారినా మా ప్రాంతం వాళ్ళకి నష్టం లేదు మరి. తూర్పు భాగోతం చూసిన జనం. మద్దెల మోగుతూ ఉండాలేగాని, సత్యభామ తన పేరు చెప్పుకోడానికే గంట తీసుకున్నా గొంగళి కప్పుకుని కూర్చునేవారు. ఇబ్బందల్లా ఊళ్ళో హాలు దొరికే వేళలతోటీ, ఆఖరి బస్సుతోటీ వచ్చింది. బొబ్బిలి, పాలకొండ, నరసన్నపేట, ఎక్కడికి వెళ్ళినా పిలిచినవారి మొదటి ప్రశ్న ఒకటే: ఎన్ని గంటలకి వదిలేస్తారండీ?

అప్పుడొచ్చింది ఎర్ర పెన్సిలు. మా ప్రాంప్టరుగారు పగలు గుమాస్తా. సాయంత్రం అయ్యకోనేరు దగ్గర వాళ్ళింటి అరుగు మీద రిహార్సళ్ళు. నన్ను మధ్యలో పెట్టుకుని అందరూ చుట్టూ కూర్చునేవారు.

"దుకాణం సీను తీసెద్దామండీ. ఆ బైరాగీ, ఆ తాగుడు కబుర్లూ కథకి పనికిరావు" అన్నారొకాయన.

"కథకి పనికొచ్చినవే ఉంచితే మిగిలేదేటండీ? ఒక దొంగపెళ్ళీ, ఒక లేచిపోడమూను!" అన్నారు మా ప్రాంప్టరుగారు.

ఇంతకాలం ఇంతమంది చేతుల్లో పడ్డా, నా గురించి ఇంతకంటే సరైన మాట నేను వినలేదు. నిజానికి నాలో కథెంత? డబ్బుకి ఆశపడి అగ్నిహోత్రావధాన్లు కూతురు సుబ్బిని ముసలి లుబ్ధావధాన్లుకి ఇవ్వబోతాడు. బావమరిది కరటక శాస్త్రి తన శిష్యుడికి ఆడవేషం వేసి ఆ ముసలాయనకి కట్టబెడతాడు. గిరీశం చదువు చెప్పే వంకన అగ్నిహోత్రావధాన్లు ఇంట్లో దూరి, విధవ బుచ్చమ్మని లేవదీసుకుపోతాడు. అందరూ విశాఖపట్నంలో సౌజన్యారావు పంతులు వాకిట్లో తేల్తారు. ఈ కథంతా ఒక కార్డుముక్క మీద పట్టేస్తుంది. తక్కిన పేజీలన్నీ మాటలు. మధురవాణి ఇంట్లో పేకాట, పోలిశెట్టి గోల, దయ్యాన్ని సీసాలోకి దింపే గవరయ్య, వెంకటేశానికి గిరీశం పాఠాలు. ఒక్కటీ కథని అడుగు ముందుకి జరపదు. ఒక్కటి తీసినా జిల్లాలో ఒక ముక్క మాయమైపోతుంది.

వాదన నెగ్గినా ఆఖరి బస్సు ముందు మా ప్రాంప్టరుగారు ఓడిపోయారు. గీతలు పడ్డాయి. పడ్డాక అసలు వినోదం మొదలైంది. మా ఊళ్ళో నేను చాలామందికి నోటికొచ్చు. నటుడు వేడిమీద ఎర్ర గీత దాటి, కోసేసిన మాట పలికేసేవాడు. ఎదటివాడు బిక్కచచ్చేవాడు. ప్రాంప్టరుగారు చెమటలు కక్కుతూ నా పేజీలు ముందుకీ వెనక్కీ తిప్పేవారు. ఈలోగా ముందు వరసలోంచి ఎవరో పెద్దాయన తర్వాతి మాట అరిచి చెప్పేవాడు. కోసిన మాట జనం దగ్గరే భద్రంగా ఉంటే కోత నిలవదు. పైగా గీతలు పడ్డకొద్దీ నేను తిరిగి 1897లోకి నడుస్తున్నానేమో అనిపించేది. అదీ కాదు. మధురవాణిని ముట్టుకునే ధైర్యం ఎవరికీ లేదు గనక, పెద్ద మధురవాణి చిన్న నాటకంలో ఇరుక్కుని కూర్చునేది.

కోత ఎలా వెయ్యాలో తెలిసిన చేతులు లేకపోలేదు. శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారంలో మూలాలున్న జె.వి. సోమయాజులు, జె.వి. రమణమూర్తి అన్నదమ్ములు 1950లలో నన్ను విజయనగరంలో పట్టుకుని దశాబ్దాల పాటు ఊరూరా తిప్పారు. తమ్ముడు గిరీశం, అన్న రామప్ప పంతులు. తర్వాత 'శంకరాభరణం' సినిమాలో శంకరశాస్త్రిగా దేశమంతా దండం పెట్టిన ఆ సోమయాజులుగారు అంతకు ముందు పచ్చి దొంగ సాక్ష్యాల పంతులుగా మాకు పరిచయం. వాళ్ళదీ కుదించిన నాటకమే. కానీ వాళ్ళు సీన్లు తగ్గించారు తప్ప ఉన్న సీన్లో మాటల ఊపిరి తగ్గించలేదు. నటుడే కత్తెర పట్టుకుంటే ఏ మాటకి జనం నవ్వుతారో, ఏ మాటకి ఊపిరి బిగపడతారో వాడికి తెలుస్తుంది.

నీలం పెన్సిలు 1955 నాటిది. 'దేవదాసు' తీసిన రెండేళ్ళకి వినోదా వారి డి.ఎల్. నారాయణగారు నన్ను సినిమా తీశారు. దర్శకుడు పి. పుల్లయ్యగారు. గిరీశం ఎన్.టి. రామారావు, మధురవాణి సావిత్రి, రామప్ప పంతులు సి.ఎస్.ఆర్., లుబ్ధావధాన్లు గోవిందరాజుల సుబ్బారావు, బుచ్చమ్మ షావుకారు జానకి, సౌజన్యారావు గుమ్మడి. మా ప్రాంప్టరుగారు సినిమాకి వెళ్ళొచ్చి, రాత్రి లాంతరు ముందు నన్ను తెరిచి, విన్నట్టు గుర్తున్న ప్రతి మాట పక్కనా నీలం టిక్కు పెట్టుకున్నారు. మళ్ళీ వెళ్ళారు, మళ్ళీ పెట్టారు. కొన్ని పేజీలు నిండా టిక్కులు, కొన్ని పేజీలు బోసి.

ఆ సినిమా గురించి నా తీర్పు అడిగితే, సి.ఎస్.ఆర్. నా పేజీల్లోంచి లేచి నడిచి వెళ్ళినట్టే ఉంటారు. సావిత్రి అయితే నాలో రాసి లేని చూపులు కూడా చూసింది. రామారావుగారు కష్టపడ్డారు గానీ, జనం ఆయన మొహంలో కథానాయకుణ్ణి వెతుక్కుంటారు. గిరీశంలో నాయకుణ్ణి వెతికినవాళ్ళకి గిరీశం దొరకడు. ఇంకో సంగతి. ఇన్ని గంటల నాటకాన్ని మూడు గంటల్లోపు కుక్కాల్సిన చోట పాటలకి జాగా ఇచ్చారు. ఘంటసాల సంగీతం, శ్రీశ్రీ పాట, అప్పారావుగారిదే పూర్ణమ్మ కథ బుర్రకథలా. పాటలు బాగుండబట్టే నా బాధ. బాగులేకపోతే ఈపాటికి ఎవరో ఒకరు కోసి పారేసేవారు. పూర్ణమ్మ నాకు చెల్లెలి వరస, ఏడిపిస్తుంది. కానీ మా ఇంట్లో ఏడుపు వేరు, నవ్వుకుంటూ ఏడవాలి.

ప్రాంప్టరుగారు పోయారు. ఆయన అబ్బాయి ఇప్పుడు తాత. ఆ తాత మనవడు, ఇంజనీరింగు చదివే గుంటడు, ఒక వేసవి సెలవుల్లో అటక దులుపుతూ నన్ను కిందికి దింపాడు.

"ఏటి తాతా, పుస్తకం నిండా ఇలా గీసీసినారు?"

"మా నాన్న గీసినాడ్రా. ఆట టైము తగ్గించడానికి."

"ఓ, ఎడిటింగా! మా గండమ్‌ని కూడా అలాగే తగ్గించినారు తాతా."

"గండమా! ఎవరికిరా?"

ఎవరికీ కాదు. జపాను వాళ్ళ బొమ్మల సీరియలు. మనిషి లోపల కూర్చుని నడిపే మేడంత యంత్రాలు యుద్ధం చేస్తాయి. వాడు తాత పక్కన చాప మీద పడుకుని, ఫోను చూపిస్తూ చెప్పినదంతా నేను ఒళ్ళంతా చెవులు చేసుకుని విన్నాను. 1979 ఏప్రిల్లో మొదలైంది. చూసేవాళ్ళు తక్కువై, 52 భాగాలు అనుకున్నది 43కే ఆపేశారు, 1980 జనవరిలో. తర్వాత జనానికి రుచి తెలిసింది. దర్శకుడు తొమినో యోషియుకి దాన్నే మూడు సినిమాలుగా కుదించాడు. రెండు 1981లో, మూడోది 1982లో. సుమారు పదహారు గంటల బొమ్మ ఏడు గంటలకి దిగింది. అంతకు ముందే 1977లో 'యమాటో' అనే అంతరిక్ష నౌక సీరియలు 26 భాగాల్ని ఒక్క సినిమా చేసి డబ్బు చూసినవాళ్ళున్నారట, ఆ దారి అప్పటికే పడింది.

ఎంత కోశారన్న లెక్క కన్నా ఏం కోశారన్న సంగతి నన్ను పట్టుకుంది. ఆ సీరియలుకి డబ్బు పెట్టింది ఆటబొమ్మల కంపెనీ. బొమ్మలు అమ్ముడుపోవాలి గనక, యంత్రానికి తగిలించే ఒక వాహనాన్ని కథలో ఇరికించమంది. ఇరికించారు. సినిమాలు చేసేటప్పుడు తొమినో ఆ వాహనాన్ని పీకేసి, దాని చోట యుద్ధానికి నప్పే చిన్న విమానం పెట్టుకున్నాడు. బజారు కోసం సీరియల్లో చేర్చినదాన్ని సినిమాలో తీసేశాడన్నమాట. నా విషయంలో బజారు కోసం చేర్చినవన్నీ సినిమాలోనే చేరాయి. కుదించడం అంటే తగ్గించడమే అనుకునేవాళ్ళు ఈ రెండూ పక్కపక్కన పెట్టుకుని చూడాలి.

ఇంకోటి. సీరియలు నడుస్తుండగా జబ్బుపడి మంచాన పడ్డ చిత్రకారుడు యసుహికో యోషికజు, మూడో సినిమాకి కోలుకుని వచ్చి, తను లేనప్పటి బొమ్మల్ని చాలావరకు కొత్తగా గీశాడు. అంటే పాత రీళ్ళు అతికించి వదిలెయ్యలేదు. అప్పారావుగారు 1909లో చేసింది కూడా ఇలాంటి పనే, కాకపోతే ఆయన పెంచడానికి మళ్ళీ రాశారు. ఆ సినిమాల్లో పూర్తిగా ఎగిరిపోయిన పదిహేనో భాగం ఒకటుంది, యుద్ధం వదిలేసి దీవిలో అనాథ పిల్లల్ని సాకే సైనికుడి కథ. యుద్ధం కథకి పనికిరాదని పోయింది. అచ్చం మా బైరాగి సీనులాగే. దాన్ని 2022లో అదే యసుహికో విడిగా ఒక పూర్తి సినిమా తీశాడు. ఈ ముక్క విన్నప్పుడు నా ఎర్ర గీతలన్నీ ఒక్కసారి జిలపెట్టాయి.

"అయితే మన బైరాగిని కూడా ఎవరో తియ్యాలి" అన్నాడు తాత.

"బైరాగి ఎవరు తాతా?"

తాత నన్ను వాడి చేతిలో పెట్టాడు. "సదువు." వాడు చదివాడు, కొంత. మధ్యలో ఫోను చూసుకున్నాడు, మళ్ళీ చదివాడు. ఎర్ర గీతలున్న చోట్లే ముందు చదవడం నేను గమనించాను. నవ్వాడు కూడా.

కోసిన మాటలు తిరిగి రావడం మా వంశంలో కొత్త కాదు. 1909 కూర్పు వచ్చాక 1897 నాటి మొదటి అచ్చు జనానికి కనబడకుండా పోయింది. 1969లో బంగోరె దాన్ని వెతికి పట్టుకుని 'మొట్టమొదటి కన్యాశుల్కం' అని మళ్ళీ అచ్చు వేయించారు. ఇప్పుడు చిన్నదీ పెద్దదీ పక్కపక్కన పెట్టుకుని చూసే వీలుంది. చూడండి, ఏది పెరిగితే నేను నేనయ్యానో తెలుస్తుంది. కథ కాదు, మాటా, మధురవాణీ.

నన్ను మళ్ళీ తెరకెక్కించాలనుకునేవాళ్ళు ఎవరైనా ఉంటే వాళ్ళకి ఒక మనవి. ఒక్క సాయంత్రంలో నన్ను ముగించకండి. మూడు సినిమాలు తియ్యండి, విజయనగరం ఒకటి, అగ్రహారాలు ఒకటి, విశాఖపట్నం ఒకటి. వేషాలకి మా ప్రాంతం నోళ్ళు వెతకండి, ఇంకా ఉన్నాయి. దుకాణం సీను ఉండాలి, పేకాట ఉండాలి, గవరయ్య సీసా ఉండాలి. అప్పారావుగారు 1915లో పోయారు, నా మీద హక్కులు ఎవరికీ లేవు, ఎవరి అనుమతీ అడగక్కర్లేదు. పాటలు మాత్రం పెట్టకండి.