గోలు పోస్టు రాయి

నేను నల్లరాయిని. ఉండేది ఆళ్లగడ్డ. బస్సులో వస్తుంటే రోడ్డు పక్కన రేకుల షెడ్ల ముందు దేవుళ్లూ నాయకులూ వరసగా నిలబడి కనిపిస్తారు కదా, అలాంటి ఒక కార్ఖానాలో గోడ వారన పడి ఉన్నాను.

లారీ దించిన రోజు పెద్దమేస్త్రి నన్ను సుత్తితో తట్టి, చెవి ఆనించి విన్నాడు. కంచులా మోగాను. "మంచి రాయిరా!" అని మురిసిపోయాడు. అప్పటికే ఒక ఊరివాళ్లు వాళ్ల నాయకుడి విగ్రహానికి బయానా ఇచ్చి ఉన్నారు. పైపైన రూపు దించి, ఎడమ పాదం తీర్చారు. బొటనవేలి గోరు కూడా వచ్చింది. ఉలి మోకాలి దాకా వచ్చేసరికి మోత మారింది. మేస్త్రి చేయి ఆగిపోయింది. నా మీద నీళ్లు చల్లి, ఆరేదాకా చూస్తూ కూర్చున్నాడు. ఒళ్లంతా ఆరింది, వెంట్రుకంత గీత ఒకటి మాత్రం ఆరలేదు. పగులు! ఆ సాయంత్రమే నన్ను పక్కకు దొర్లించారు. వేరే రాయి నాయకుడైంది.

అప్పటినుంచి పనివాళ్ల పిల్లలకు నేను గోలు పోస్టుని. అటు ముక్కు విరిగిన నంది, ఇటు నేను. రిటైరైన డ్రిల్లు సారొకాయన సాయంత్రాలు వచ్చి నా మీదే కూర్చుంటాడు. ఆయన నోటివెంటే నేను ఫుట్‌బాల్ ఆటగాడు తులసీదాస్ బలరాం కథ విన్నాను.

"సికింద్రాబాద్ పక్కన అమ్ముగూడరా ఆయప్పది. బూట్లు కొనే తాహతు యాడిది? పోలీసోళ్లు పారేసిన బూట్ల తోలుతో రెండు రూపాయలకు కుట్టించుకున్యాడు. హైదరాబాద్‌కు ప్రాక్టీసుకు రమ్మంటే రోజూ యాడ రాగలను సార్ అన్యాడు. కోచ్ రహీం సాబ్ అద్దె సైకిలుకని దినానికి రూపాయి ఇచ్చినాడు."

ఆ మాట విన్నప్పుడు నాకు మా మేస్త్రే గుర్తొచ్చాడు. సయ్యద్ అబ్దుల్ రహీం బడిలో పాఠం చెప్పిన మనిషట. ఏ రాయి మోగుతుందో ఒక్క తట్టుతో పసిగట్టేవాడన్నమాట. ఆ రూపాయి వృథా పోలేదు. 1956లో మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో మన జట్టు నాలుగో స్థానంలో నిలిచింది, బలరాం అందులో ఉన్నాడు. 1960లో రోమ్‌లో హంగరీ మీద ఒక గోలు, పెరూ మీద ఒక గోలు కొట్టాడు. రెండు మ్యాచులూ ఓడినా ఆ గోల్స్ నిలిచిపోయాయి. 1962లో జకార్తా ఆసియా క్రీడల ఫైనల్లో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి మనవాళ్లు బంగారం తెచ్చారు. పీకే బెనర్జీ, చునీ గోస్వామి, బలరాం కలిసి ముందుకు దూకితే ఎదుటి జట్టుకు చెమటలు పట్టేవట. ఆ ఏడే బలరాంకు అర్జున అవార్డు వచ్చింది.

మరుసటి ఏడు మోత మారింది. ఊపిరితిత్తుల పొరకు జబ్బు చేసి, ముప్పై నిండకుండానే బలరాం ఆట మానేయాల్సి వచ్చింది. 1963లోనే రహీం సాబ్ క్యాన్సర్‌తో కన్నుమూశారు. తట్టిన చేయీ పోయింది, మోగిన రాయీ ఆగింది. బెంగాల్ వెళ్లిన బలరాం మళ్లీ ఇటు వచ్చి స్థిరపడలేదు. అక్కడే హుగ్లీ ఒడ్డున ఉత్తరపాడాలో బతికి, 2023 ఫిబ్రవరి 16న వెళ్లిపోయాడు.

సారు ఈ కథ చెప్పిన రోజు ఒక పిల్లవాడు బంతి చంకన పెట్టుకుని అడిగాడు: "సార్, ఆయప్ప బొమ్మ మన కాడ ఎవురన్నా చేపిచ్చినారా?"

సారు పలకలేదు. నా బొటనవేలి గోరు మీద వేలితో రాస్తూ కూర్చున్నాడు.

జవాబు నాకు తెలుసు. నేనీ గోడ వారన ఉన్నన్నాళ్లూ దేవుళ్లకు బయానా వచ్చింది, నాయకులకు వచ్చింది, సినిమా హీరోలకు వచ్చింది, పోయిన తాతలకూ వచ్చింది. ఆటగాడి బొమ్మ కావాలని మా గేటు తీసినవాళ్లు లేరు. చెక్కే చేతులకు ఇక్కడ కొదవా? ఆళ్లగడ్డ శిల్పానికి భౌగోళిక గుర్తింపే ఉంది. అడిగేవాళ్లే కరువు.

అయ్యా, నా పగులు మోకాలి దగ్గర. దాని కింద అంతా గట్టి రాయే. నిలువెత్తు విగ్రహానికి పనికిరాను గానీ, బూటు తొడిగిన పాదం, దాని కింద ఒక బంతి, ఇంతవరకు హాయిగా సరిపోతాను. బయానా ఎంతిచ్చినా మేస్త్రి కాదనడు. అమ్ముగూడ దాకా లారీ కిరాయి మాత్రం మీరే పెట్టుకోవాలి.